'వచ్చుతాను' అనే బగ్

ఆ ఆదివారం నా లాప్‌టాప్ స్క్రీన్ మీద "నేను వచ్చుతాను, నువ్వు వచ్చుతావు, వాడు వచ్చుతాడు" అని వరసగా ఎనిమిది లైన్లు పడ్డాయి. ఎర్రర్ ఏమీ రాలేదు. ప్రోగ్రాం లెక్కలో అంతా సరిగ్గానే జరిగింది. పక్కన మంచం మీద కూర్చుని చిక్కుడుకాయలు తుంచుతున్న మా అవ్వ, నేను పైకి చదివేసరికి చేతిలో కాయ పళ్లెంలో పడేసి నవ్వింది.

"ఎవురు మే అట్ల మాట్లాడేది? కొత్తగా తెలుగు నేర్చుకునే దొర మాదిరుండాదే!"

ఈ వ్యాసం లాటిన్ క్రియల గురించి. నిజంగానే. అవ్వ మధ్యలో ఎందుకొచ్చిందో చెప్పాలంటే ముందు రాయవేలూరు పోవాలి.

మా చిత్తూరు వైపు వాళ్లకు పెద్ద జబ్బంటే రాయవేలూరే. అవ్వ నోట్లో అది రాయేలూరు. పోయిన వేసవిలో అవ్వకు ఆయాసం ఎక్కువైతే పుంగనూరు దగ్గర ఊరి నుంచి తీసుకుపోయాం. మందుల కౌంటర్ దగ్గర టోకెన్ పట్టుకుని గంటన్నర నిలబడితే మనిషి ఏదైనా చదువుతాడు. నేను మందుల చీటీ చదివాను. చీటీ మొదట్లో ఇంగ్లిష్ ఆర్ అక్షరం కాలికి అడ్డగీత గీసిన గుర్తు ఒకటుంది కదా, మెడికల్ షాపుల బోర్డుల మీద కూడా ఉంటుంది. ఇన్నేళ్లూ అదేదో కంపెనీ లోగో అనుకున్నాను. ఫోన్లో వెతికితే అది లాటిన్ మాట 'రెకిపె'కు పొట్టి గుర్తట. అర్థం: తీసుకో. మందులు కలిపేవాడికి డాక్టరు ఇచ్చే ఆజ్ఞ. అంటే చీటీ మొత్తంలో మొదటి మాట ఒక క్రియ, అదీ ఏకవచనంలో, గౌరవం గివరం లేకుండా!

తర్వాత టీడీఎస్. మన ఇళ్లల్లో టీడీఎస్ అంటే జీతంలో కోసే పన్ను. చీటీలో అది 'తెర్ దియె సూమెందుమ్', రోజుకు మూడుసార్లు తీసుకోవలసినది. నొప్పి మాత్ర పక్కన ఎస్ఓఎస్ అని ఉంటే ఓడ మునుగుతున్నప్పుడు పంపే సిగ్నల్ అనుకుని కాస్త భయపడ్డాను కూడా. అది 'సీ ఓపుస్ సిత్': అవసరమైతే. తర్వాత డబ్బు కట్టినందుకు ఇంకో కాగితం ఇచ్చారు, రిసీట్. ఆ మాటా రెకిపె పుట్టిన క్రియ నుంచే వచ్చింది. ఒకటి 'తీసుకో', రెండోది 'తీసుకున్నది'. ఒకే క్రియ తాలూకు రెండు రూపాలు నా రెండు చేతుల్లో ఉన్నాయి. టోకెన్ నంబరు ఇంకా రాలేదు. అట్లా మొదలైంది.

ఇంటికొచ్చాక చూస్తే, సీఎస్ఈ వాళ్లం మనం రోజూ లాటిన్ క్రియల మీదే బతుకుతున్నామని అర్థమైంది. ఆడియో అంటే వింటాను. వీడియో అంటే చూస్తాను. ఎగ్జిట్ అంటే బయటికి పోతాడు. సీ ప్రోగ్రాం చివర మనం ఎగ్జిట్ ఫంక్షన్ కాల్ చేసిన ప్రతిసారీ ఒక రోమన్ బయటికి పోతున్నాడు. కీబోర్డులో 6 అంకె పైన ఉండే గొడుగు గుర్తు క్యారెట్ కూడా క్రియే, 'లోపించింది' అని అర్థం. రాతలో మాట జారిపోయిన చోట పెట్టే గుర్తు కాబట్టి ఆ పేరు. మన తాటాకుల కాలం వాళ్లు అదే పనికి హంసపాదం అన్నారు. ఈ ఒక్క విషయంలో నా ఓటు మనవాళ్లకే. ఇక డేటా అంటే ఇచ్చినవి. డాక్టర్లు ఉత్తుత్తి మాత్రకు ప్లాసీబో అంటారే, దానర్థం 'నచ్చుతాను'. ఈ 'నచ్చుతాను'ను కొంచెం గుర్తుపెట్టుకోండి, దీనితో తర్వాత పనుంది.

సరే, అసలు పాఠం. ఔదియో అంటే వింటాను అన్నాను కదా, ఆడియో అనే మాటకు రోమన్ల నాటి పలుకుబడి అది. దాన్ని వర్తమానంలో పూర్తిగా నడిపిస్తే ఇట్లా ఉంటుంది:

ఔదియో: వింటాను
ఔదీస్: వింటావు
ఔదిత్: వింటాడు, వింటుంది
ఔదీముస్: వింటాం
ఔదీతిస్: వింటారు (మీరు)
ఔదియున్త్: వింటారు (వాళ్లు), వింటాయి

తోకలు చూడండి. ఓ, స్, త్, ముస్, తిస్, న్త్. ఈ ఆరూ వస్తే వర్తమానం సగం వచ్చినట్టే, ఎందుకంటే దాదాపు ప్రతి క్రియకూ ఇవే తోకలు. నేను ఎల్‌కేజీ నుంచి ఇంగ్లిష్ మీడియం. నాకు గ్రామర్ అంటే ఇంగ్లిష్ గ్రామరే. అందులో క్రియకు తోక అంటే హీ, షీ వచ్చినప్పుడు తగిలించే ఒక్క ఎస్ అక్షరం, అంతే. అందుకని ఇంగ్లిష్‌లో చెప్పిన లాటిన్ పాఠాల్లో మొదటి పది పేజీలు 'చూశారా, కర్త లేకుండానే వాక్యం నడుస్తుంది' అని తెగ ఆశ్చర్యపోతుంటే నేనూ వాళ్లతో పాటు ఆశ్చర్యపోయాను. తర్వాత రోజు అమ్మకు ఫోన్ చేసి "వచ్చాను, తిన్నాను, పడుకున్నాను" అని మూడు మాటలు చెప్పి పెట్టేశాక వెలిగింది. మూడు మాటలు, మూడు పూర్తి వాక్యాలు. 'నేను' అని ఒక్కసారి కూడా అనలేదు. ఇదే లాటిన్‌లో అయితే వేనీ, ఏదీ, దోర్మీవీ. (అవును, తిన్నాను అంటే 'ఏదీ'. మెస్‌లో సాంబారులో ముక్క కోసం వెతికేవాడు రోమన్‌కు తిన్నానని చెప్తున్నట్టు వినపడుతుంది.) పంతొమ్మిదేళ్లుగా నేను చేస్తున్న పనినే ఎవరో వింతగా చూపిస్తే నేనూ చప్పట్లు కొట్టానన్నమాట.

పైగా మన తోకలు వాళ్ల తోకల కన్నా తేట. 'నేను'లో చివరి ను, 'వింటాను'లో చివరి ను. నీవు, వింటావు. వాడు, వింటాడు. మేము, వింటాము. వారు, వింటారు. సర్వనామం తన తోకను తెచ్చి క్రియకు అతికించి పోయింది. లాటిన్‌లో నేను అంటే 'ఎగో', తోకేమో 'ఓ'. ఈ ఒక్కచోట పోలిక ఉన్నా మిగతావి అంత తేటగా కనపడవు, కాబట్టి బట్టీ పట్టాల్సిందే.

ఒక తేడా మాత్రం నన్ను కొంచెం గుచ్చింది. 'ఔదిత్' అంటే వింటాడు, వింటుంది రెండూ. లాటిన్ క్రియకు ఆడామగా పట్టదు. మనకు పడుతుంది, కానీ ఎట్లా? వాడు వింటాడు, ఆవు వింటుంది, అక్క వింటుంది. ఏకవచనంలో అక్కకూ ఆవుకూ ఒకటే తోక. బహువచనంలోకి పోతేనే అక్కలు 'వింటారు' అవుతారు, ఆవులు 'వింటాయి' దగ్గర ఆగిపోతాయి. అమ్మకో టీచరుకో గౌరవం ఇవ్వాలంటే ఒక్కరినే బహువచనం చేస్తాం. దీని మీద మా హాస్టల్ గదిలో ఒక రాత్రంతా గొడవ జరిగింది, ఆ తీర్పు ఇంకో సంచికలో.

ఇక్కడ మా అక్క, అంటే పెద్దమ్మ కూతురు, రంగంలోకి దిగింది. తను తిరుపతిలోనే జాతీయ సంస్కృత విశ్వవిద్యాలయంలో శిక్షాశాస్త్రి చదువుతోంది. నా ఆరు తోకలు చూపించి 'ఫస్ట్ పర్సన్ ఔదియో' అన్నాను. "ఫస్ట్ పర్సన్ నేనెట్లా అవుతుందే? ప్రథమ పురుష అంటే వాడు" అంది. కరెక్టే. సంస్కృత వ్యాకరణంలోనూ, దాన్ని చూసి రాసిన తెలుగు వ్యాకరణంలోనూ వాడు ప్రథమ పురుష, నీవు మధ్యమ, నేను ఉత్తమ. లాటిన్ పంతుళ్లు 'నేను'తో మొదలుపెట్టారు, ఇంగ్లిష్ అదే పట్టుకుంది. పదో తరగతి తెలుగు పరీక్షలో నాకు పోయిన రెండు మార్కులకు కారణం నాలుగేళ్ల తర్వాత దొరికింది.

అక్క తర్వాత అస్మి, అసి, అస్తి అని చదవడం మొదలుపెట్టింది. నేను లాటిన్‌లో 'ఉండు' క్రియ చదివాను. అస్తికి 'ఎస్త్'. సన్తికి 'సున్త్'. ఇద్దరం ఆగిపోయాం. ఇది కనిపెట్టిన మొదటి వాళ్లం మేమేమీ కాదు, 1786లో కలకత్తాలో విలియం జోన్స్ సంస్కృతం, గ్రీకు, లాటిన్ ఒకే మూలం నుంచి వచ్చి ఉండాలని చెప్పి ప్రపంచమంతా పేరు తెచ్చుకున్నాడు. తెలుగు ఆ కుటుంబం కాదు. 1816లో క్యాంప్‌బెల్ అచ్చేసిన తెలుగు వ్యాకరణానికి ముందుమాటగా ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్ రాసిన వ్యాసంలో తెలుగు ధాతువుల్ని తమిళ, కన్నడ ధాతువుల పక్కన పెట్టి ఆ సంగతి తేల్చాడు. అంటే లాటిన్ అక్కకు చుట్టం, నాకు కాదు. అయినా పని చేసే పద్ధతిలో, క్రియ చివర మనిషిని మోసుకుపోయే ఆ అలవాటులో, చుట్టం కానివాళ్లకూ పోలిక వస్తుంది. వేరే వేరే కంపెనీల కోడ్‌లో ఒకే డిజైన్ కనపడదూ, అట్లా.

అవ్వ అన్న దొర మాట దగ్గరికి వస్తాను. మా పుంగనూరుకు నిజంగానే అట్లాంటి దొరలు వచ్చారు. 1700ల మొదట్లో ఫ్రెంచి జెస్యూట్ పాదిరీలు పుంగనూరులో మకాం పెట్టారు. లాటిన్‌లో చదువుకుని వచ్చినవాళ్లు మా ఊళ్లల్లో తెలుగు నేర్చుకోవడానికి కూర్చున్నారంటే, ఎవరో ఒక అవ్వ వాళ్ల ముందు చిక్కుడుకాయలు పక్కన పెట్టి నవ్వే ఉంటుందని నా అనుమానం. కొన్నేళ్లకు మద్రాసులో బెంజమిన్ షుల్జ్ అనే జర్మన్ పాదిరీ ఇంకో అడుగు ముందుకేశాడు. 1728లో ఏకంగా లాటిన్ భాషలో తెలుగు వ్యాకరణం రాశాడు, 'గ్రమ్మాతిక తెలుగిక' అని. అప్పట్లో యూరప్‌లో చదువుకున్నవాళ్లందరికీ అర్థమయ్యే భాష లాటినే కదా. ఆయన తర్వాత జర్మనీలోని హాలె నగరానికి వెళ్లిపోయి 1740లలో అక్కడ తెలుగు పుస్తకాలు అచ్చు వేయించాడు, మనకు తెలిసిన తొలి తెలుగు అచ్చు పుస్తకాలు అవే. వ్యాకరణం మాత్రం చేతిరాతలోనే ఉండిపోయి, 1984లో గాని అదే హాలెలో అచ్చుకు నోచుకోలేదు. రెండువందల యాభై ఆరేళ్లు! మన ప్రాజెక్ట్ రిపోర్ట్ ఒక వారం లేటయితే ఎంత గోల చేస్తారో తలుచుకోండి.

నేను ఆయన పనిని తిరగేసి చేద్దామనుకున్నాను. ముందు లాటిన్‌కు ప్రోగ్రాం రాయడం, తర్వాత అదే ఫంక్షన్‌లో తెలుగు పెట్టడం. లాటిన్ భాగం రెండు సాయంత్రాల్లో అయిపోయింది. ఎందుకంటే ఆ భాష నిఘంటువులే ప్రోగ్రామర్లు రాసినట్టుంటాయి. మీరు ఒక క్రియ వెతికితే ఒక మాట ఇవ్వరు, నాలుగు ఇస్తారు. ఉదాహరణకు 'ఇచ్చు' క్రియకు: దో, దరె, దెదీ, దతుమ్. ఇస్తాను, ఇవ్వడం, ఇచ్చాను, నాలుగోది 'ఇచ్చిన' అనే రూపానికి ఆధారం. ఆ నాలుగోదాని నుంచే మన డేటా వచ్చింది. రెండోదాని చివర చూసి ఆ క్రియ ఏ గుంపుదో చెప్పొచ్చు. అట్లాంటి గుంపులు నాలుగు: ఆరె, దీర్ఘం ఉన్న ఏరె, దీర్ఘం లేని ఎరె, ఈరె. (దరె ఒకటి తన గుంపులో ఉంటూనే దీర్ఘం మింగేస్తుంది, ప్రతి క్లాసులో ఒకరుంటారు.) భవిష్యత్తు కావాలంటే మొదటి రెండు గుంపులకు 'బో' తగులుతుంది, ప్లకేబో అట్లా వచ్చిందే. మిగతా రెంటికీ ఆ బో పనికిరాదు, ఔదియో 'ఔదియమ్' అవుతుంది.

నాలుగు మాటలు ఎందుకు ఇవ్వాలంటే, ఒకటి చూసి ఇంకోటి ఊహించడం కుదరదు కాబట్టి. 'మోయు' అనే క్రియ ఉంది: ఫెరో, ఫెర్రె, తులీ, లాతుమ్. మోస్తాను అనేది ఫెరో, మోశాను అనేది తులీ. ఎక్కడి ఫెరో, ఎక్కడి తులీ! దీని నుంచే ట్రాన్స్‌ఫర్ వచ్చింది, ట్రాన్స్‌లేట్ కూడా వచ్చింది. రెండూ ఒకే క్రియ, అవతలికి మోయడం. వీటిని ఇంగ్లిష్‌లో ముఖ్య భాగాలనే అర్థం వచ్చే పేరుతో పిలుస్తారు. నాకు మాత్రం డేటాబేస్‌లో కీలు గుర్తొచ్చాయి. ఈ కీలు చేతిలో ఉంటే ఒక క్రియకు వందకు పైగా రూపాలు లూపులో పుట్టించొచ్చు. లేకపోతే మొదటి అడుగులోనే పడతారు.

నేను పడ్డది అక్కడే, కానీ తెలుగులో. తెలుగుకు కీలు అక్కర్లేదనుకున్నాను. నా సొంత భాష కదా! డిక్షనరీలో ఉండే ఒక్క రూపం తీసుకుని చివర 'తాను' అతికించమన్నాను. ఆడు, ఆడుతాను. పాడు, పాడుతాను. నవ్వు, నవ్వుతాను. అడుగు, అడుగుతాను. అబ్బో, ఎంత శుభ్రమైన భాష అనుకుంటూ లిస్టులో తర్వాతి క్రియ ఇచ్చాను. వచ్చు, వచ్చుతాను. చేయు, చేయుతాను. తిను, తినుతాను. అవ్వ నవ్విన ఆదివారం ఇదే.

ఆ రోజు రాత్రి కూర్చుని గుంపులు కట్టాను. ఇవి వ్యాకరణ పండితుల గుంపులు కావు, నా కోడ్ కోసం నేను వేసుకున్నవి. ఆడు, పాడు గుంపు ఒకటి, దీనికి నా పాత కోడ్ చాలు. తిను, విను, కొను, అను ఇంకో గుంపు: చివరి 'ను' పోయి సున్న వస్తుంది, త కాస్తా ట అవుతుంది, తింటాను, వింటాను. చేయు, వేయు, కోయు మూడోది: చేస్తాను, చేశాను, చేయను. ప్రేమించు, గమనించు లాంటివి నాలుగోది: గమనిస్తాను, గమనించాను, గమనించను. చిత్రంగా నాకూ నాలుగే వచ్చాయి. తర్వాత ఏ గుంపుకూ లొంగని మొండి క్రియలు.

'వచ్చు'ను చూడండి. వస్తాను, వచ్చాను, రాను. 'రా' ఎక్కడి నుంచి వచ్చింది? 'వచ్చు' అనే మాటను ఎంత పిండినా అందులోంచి 'రా' రాదు. ఇది మన ఫెరో, తులీ. సరే, 'చ్చు'తో ముగిసే వాటికి ఇంకో రూల్ పెడదామనుకున్నాను: ఇచ్చు, ఇస్తాను. తెచ్చు, తెస్తాను. చచ్చు, చస్తాను. రూల్ బాగుంది. 'నచ్చు' ఇచ్చాను. 'నస్తాను' అని వచ్చింది. 'గుచ్చు' ఇస్తే 'గుస్తాను'. మీరెవరైనా గుస్తారా? నచ్చుతాను, గుచ్చుతాను అనే కదా అంటాం. ప్లాసీబో దగ్గర గుర్తుపెట్టుకోమన్నది ఈ నచ్చుతానునే. 'ఇచ్చు', 'నచ్చు' రెండూ అక్షరాల్లో అన్నదమ్ముల్లా ఉంటాయి, నడకలో ఒకదానికొకటి సంబంధం లేదు. అక్షరాలు చూసి చెప్పలేం. ఎవరో చెప్పాలి.

అప్పుడు అర్థమైంది, తెలుగు క్రియకూ కీలు కావాలని. కనీసం మూడు: వస్తాను, వచ్చాను, రాను. అవుతుంది, అయింది, కాదు. ఈ మూడోది లాటిన్‌లో లేదు. వాళ్లు వింటానుకు ముందు 'నోన్' పెట్టి నోన్ ఔదియో అని ఊరుకుంటారు. మనం కాదనడాన్ని క్రియ కడుపులోనే పెట్టేస్తాం: వినను, వినవు, వినడు. వాళ్లకు అట్లా కలిసిపోయినవి ఏవో ఒకటీ అరా ఉన్నాయి. వాటిలో ఒకటి 'నోలో', ఇష్టంలేదు, ఒప్పుకోను అని అర్థం. అవ్వకు రెండో ముద్ద పెట్టబోతే 'నేనొల్ల' అంటుంది. నోలో, నేనొల్ల. ఇది ఉత్త కాకతాళీయమేనని తెలుసు. అయినా నాకు ఎంత నచ్చిందంటే హాస్టల్ మెస్‌లో ఉప్మా రోజు నేనిప్పుడు నోలో అంటున్నాను.

ఇక ఈ మూడు కీలూ ఒక్కో క్రియకూ ఎవరు చెప్పాలి? రోజూ మాట్లాడేదాన్నే అయినా ఒంటరిగా ఒక క్రియ అడిగితే నాకు తడబాటే. 'మొలుచు'కు ఏంటి? మొలుస్తుంది, మొలిచింది, తర్వాత? అవ్వే చెప్పింది: "మొలవదు. నీళ్లు పొయ్యకుంటే యాడ మొలస్తాది?" అట్లా సెలవుల్లో రోజుకు పదేసి క్రియలు అవ్వను అడిగి ఒక ఫైల్లో ఎక్కించడం మొదలుపెట్టాను.

మొదటి పది క్రియలు కాకముందే ఒక ఇబ్బంది. అవ్వ చెప్పే రూపాలు నా ఫైల్లో కాలమ్‌లకు సరిపోవు. నేను 'వచ్చాను' అని టైప్ చేస్తే ఆమె 'వచ్చినాను' అంటుంది. నేను 'వస్తున్నాను' అంటే ఆమె 'వస్తా ఉండాను' అంటుంది. మొదట మామూలుగా దిద్దుకుంటూ పోయాను. దిద్దుకుంటూ పోవడం నాకు అలవాటే.

ఆ అలవాటు ఇంటర్‌లో వచ్చింది. వేరే జిల్లాలో హాస్టల్. మొదటి వారంలో నేను 'ఈడే ఉండాను' అంటే గదిలో నలుగురూ నవ్వారు. నెల తిరక్కుండా 'ఉన్నాను' నేర్చుకున్నాను. అంతటితో ఆగితే బాగుండేది. ఒకరోజు ఫోన్ స్పీకర్లో పెట్టి ఉండగా అవ్వ "బాగుండావా మే?" అంది. అందరూ వింటున్నారని నాకు సిగ్గేసి, "ఉండావా కాదవ్వా, ఉన్నావా అనాలి" అన్నాను. అవతల కాసేపు ఏమీ వినపడలేదు. తర్వాత "బాగున్నావా?" అంది, మెల్లగా, బడిలో అప్పజెప్పినట్టు. ఆ తర్వాత రెండేళ్లు నాతో ఫోన్లో ఆమె అట్లాగే మాట్లాడింది. మాటలు తక్కువైపోయాయి. 'బాగున్నావా, తిన్నావా, సరే అమ్మకిస్తా.' ఆమెకు వినికిడి తగ్గిందేమో అనుకున్నాను అప్పుడు.

లాటిన్ పుస్తకంలో ఒక చిన్న పేరా ఉంది. చాలామంది దాటేసే పేరా. ప్రేమించావు అనే అర్థంలో 'అమావిస్తీ' అని పూర్తి రూపం ఉందట. రోమన్లు దాన్ని మధ్యలో మింగేసి 'అమాస్తీ' అని కూడా అనేవాళ్లట. రెండూ రాతలో కనపడతాయి, రెండూ సరైనవే. అది చదివి నా ఫైలు చూసుకున్నాను. 'వచ్చినాను'లో 'వచ్చిన' స్పష్టంగా కనపడుతోంది, దానికి మనిషి తోక తగిలింది. 'వచ్చాను'లో ఆ 'ఇన' మింగుడుపడిపోయింది. 'వస్తున్నాను' కన్నా 'వస్తా ఉండాను' తేట: ఒకటి వచ్చే పని, రెండోది ఉండటం, మధ్యలో ఖాళీ. స్ప్లిట్ ఫంక్షన్ ఒక్కటి రాస్తే విడిపోతుంది. అంటే పూర్తి రూపం అవ్వది, కుదించుకున్న రూపం నాది. నేను దిద్దింది అమావిస్తీని.

ఇందులో కొత్త సంగతేమీ లేదు. నామిని సుబ్రహ్మణ్యం నాయుడు గారి 'పచ్చనాకు సాక్షిగా' చదివినవాళ్లకు మన చిత్తూరు జిల్లా మాట అచ్చులో ఎంత నిటారుగా నిలబడగలదో తెలుసు. నేనే ఆలస్యంగా, రోము మీదుగా చుట్టు తిరిగి వచ్చాను.

ఫైల్లో దిద్దినవన్నీ తిరిగి మార్చడానికి ఒక సాయంత్రం పట్టింది. ఇప్పుడు ప్రతి క్రియకూ రెండు వరసలున్నాయి, ప్రోగ్రాం రెండింటినీ చదువుతుంది, దేన్నీ తప్పు అనదు. అవ్వతో మాత్రం కోడ్ మార్చినంత సులువు కాలేదు. "ఉండు కూడా చెప్పవ్వా" అంటే, "ఉన్నాను, ఉన్నావు" అని మొదలుపెట్టింది. నాకోసం. "అది కాదు, నీది చెప్పు" అన్నాను. నా మొహం వైపు కాసేపు చూసింది. "ఉండాను. ఉండావు. ఉండాడు. ఉండాది" అని గబగబా చెప్పేసి, "ఇంగ చాలు పో, చేతులు నొస్తా ఉండాయి" అంది. చేతులతో ఆమె చేస్తున్న పనేమీ లేదప్పుడు.

ఇప్పటికి 140 క్రియలయ్యాయి. పోయిన ఆదివారం 'పోవు' దగ్గర ఆగాం. వచ్చే నెల మళ్లీ రాయేలూరు పోవాలి, గుండెకు పరీక్ష ఏదో ఉందట. అందుకేనేమో ఈ క్రియ అడగాలనిపించింది. లాటిన్‌లో పోతాడు అంటే 'ఇత్', ఒక్క అచ్చు, ఒక్క హల్లు, ఎగ్జిట్‌లో చివర ఉండేది అదే. కాలమ్ తెరిచి, "పోతాను అని చెప్పవ్వా, తర్వాత పోయినాను, పోను" అన్నాను.

"పోయినాను, పోను రాసుకో" అంది. "మొదటిది నేను చెప్పను."

"ఎందుకు?"

"పోతానని అనగూడదు మే, ఇంట్లో ఉండి. పోయొస్తా అనాల."

మొదటి కాలమ్‌లో పోయొస్తా అనే టైప్ చేశాను. ప్రోగ్రాం దాన్ని రెండు క్రియలుగా చదివి ఎర్రర్ ఇస్తోంది. ఇంకా సరిచేయలేదు.